లంకలో ఉన్న ఫోన్‌లోనూ పాఠం ఆడాలి: వీడియోకి డీఆర్ఎం పెట్టేవాళ్ల కోసం

కాకినాడలో పోటీ పరీక్షల కోచింగ్, భీమవరంలో రొయ్యల సాగు పాఠాలు, అమలాపురంలో సంగీతం క్లాసులు, అన్నీ ఇప్పుడు వీడియోలుగా యాప్‌లో అమ్ముతున్నారు. అమ్మకం మొదలైన కొద్ది రోజులకే ఆ పాఠాలు టెలిగ్రాం గ్రూపుల్లో తేలతాయి. అప్పుడు యాప్ రాసేవాళ్లకి ఫోన్ వస్తుంది: “డీఆర్ఎం పెట్టేయండి బాబూ.” డీఆర్ఎం అంటే వీడియోకి తాళం వేసి, అనుమతి ఉన్నవాళ్లకే తెరిచే ఏర్పాటు. పెట్టడానికి లైబ్రరీలన్నీ సిద్ధంగానే ఉన్నాయి, నాలుగు రోజుల పని. కానీ ఫీజు కట్టిన పిల్ల సఖినేటిపల్లి లంకలో పాత ఫోన్ పట్టుకుని కూర్చుంటే, సిగ్నల్ ఒక గీతే ఉంటే, అక్కడ కూడా పాఠం ఆడాలి. ఆ పిల్ల ఫోన్‌లో ఆడకపోవడానికి కారణం చాలాసార్లు నెట్టు కాదు, లైసెన్సులో మనం పెట్టిన షరతు. ఆ షరతులు ఎక్కడెక్కడ ఉంటాయో, ఏది తప్పితే ఏమవుతుందో ఇక్కడ రాస్తున్నాం.

ముందు భాగాలు చూద్దాం. వీడియోని ముక్కలు చేసి ఎన్‌క్రిప్ట్ చేసేది ప్యాకేజర్. తాళం తీసే కీలు, వాటిని వాడుకునే షరతులు కలిపి లైసెన్సుగా ఇచ్చేది లైసెన్సు సర్వర్. ఫోన్‌లోనో బ్రౌజర్‌లోనో వీడియో నడిపేది ప్లేయర్ లైబ్రరీ: ఆండ్రాయిడ్‌లో మీడియా3 ఎక్సోప్లేయర్, వెబ్‌లో షాకా ప్లేయర్ లేదా డాష్ జేఎస్, ఐఫోన్‌లో ఏవీ ఫౌండేషన్. కీని తన లోపలే దాచుకుని తాళం తీసే నాలుగో భాగాన్ని సీడీఎం అంటారు. ఈ నాలుగోది మనం రాసేది కాదు, ఫోన్ కంపెనీయో బ్రౌజర్ కంపెనీయో పెట్టి ఇస్తుంది. కీ ఎప్పుడూ మన కోడ్ చేతికి రాదు.

డెల్టాలో పుట్టినవాళ్లకి ఇది కాలువ పద్ధతే. ఎన్‌క్రిప్ట్ అయిన వీడియో పంట కాలువలాగా అందరి గట్టు పక్కనుంచీ పోతుంది, ఫైళ్లని దగ్గరి సర్వర్ల నుంచి అందించే సీడీఎన్‌లో ఎవరైనా ఆ ముక్కల్ని దించుకోవచ్చు. మన బోదెలోకి నీరు రావాలంటే తూము తెరవాలి, ఆ తాళం కాలువ కాపలా చూసే లస్కరు దగ్గరుంటుంది. లైసెన్సు సర్వరే లస్కరు. అందుకే వీడియో ముక్కల్ని దాచడానికి ఆపసోపాలు పడొద్దు. కాపలా అంతా లైసెన్సు ఇచ్చే చోట పెట్టండి.

రంగంలో ఉన్నవి మూడు. గూగుల్ 2010లో కొన్న వైడ్‌వైన్ ఆండ్రాయిడ్‌లోనూ, క్రోమ్, ఫైర్‌ఫాక్స్‌లలోనూ నడుస్తుంది. మైక్రోసాఫ్ట్ ప్లేరెడీ విండోస్‌లోనూ కొన్ని టీవీల్లోనూ ఉంటుంది. యాపిల్ ఫెయిర్‌ప్లే ఐఫోన్‌కీ సఫారీకీ. మన దగ్గర పాఠాలు అమ్మేవాళ్లకి వైడ్‌వైన్, ఫెయిర్‌ప్లే రెండూ చాలు. టీవీ యాప్ ఉంటే తప్ప ప్లేరెడీ కోసం ఇప్పుడే ఖర్చు పెట్టకండి.

ఈ మూడూ వేరైనా వీడియో ఫైలు మాత్రం ఒక్కటే ఉండొచ్చు. ఐఎస్ఓ 23001-7 అనే ప్రమాణం ఆ వెసులుబాటు ఇచ్చింది. వాడే తాళం 128 బిట్ల ఏఈఎస్ అనే ఎన్‌క్రిప్షన్ పద్ధతి. కీ 16 బైట్లు, ఆ కీకి పేరులాంటి కీ ఐడీ మరో 16 బైట్లు. తాళం వేసే తీరుల్లో రెండు ముఖ్యం. మొదటిది సెంక్, అది సీటీఆర్ పద్ధతి. రెండోది సీబీసీఎస్, అది సీబీసీ పద్ధతిలో వీడియోని పది బ్లాకుల వరసలుగా చూస్తుంది: మొదటి 16 బైట్లకి తాళం, తర్వాతి 144 బైట్లు మామూలుగా వదిలేస్తుంది, మళ్లీ 16కి తాళం. ఫెయిర్‌ప్లేకి సీబీసీఎస్ కావాలి. ఆండ్రాయిడ్‌లో వైడ్‌వైన్ సీబీసీఎస్‌ని ఏపీఐ 25 నుంచి, అంటే ఆండ్రాయిడ్ 7.1 నుంచి చదువుతుంది. అంతకంటే పాత ఫోన్లు మీ వాడుకరుల్లో ఎన్ని ఉన్నాయో లెక్క చూసుకోండి. పెద్దగా లేకపోతే సీబీసీఎస్ ఒక్కటే పెట్టండి, నిల్వ ఖర్చు సగమవుతుంది. ఉంటే వాళ్లకోసం సెంక్ కాపీ విడిగా ఉంచక తప్పదు.

ఫైలు లోపల పీఎస్ఎస్‌హెచ్ అనే చిన్న పెట్టె ఉంటుంది. సగం తిప్పలు ఇక్కడే కాబట్టి దాన్ని ఒకసారి విప్పి చూడండి. మొదటి 4 బైట్లు పెట్టె పరిమాణం. తర్వాతి 4 దాని పేరు. తర్వాత వెర్షను, ఫ్లాగులు కలిపి 4. ఆపైన 16 బైట్లు ఈ పెట్టె ఏ డీఆర్ఎం‌దో చెప్పే గుర్తు, హెక్స్‌లో చూస్తే వైడ్‌వైన్‌ది ‘ఇ డి ఇ ఎఫ్’తో, ప్లేరెడీది ‘9 ఎ 0 4’తో మొదలవుతాయి. తర్వాత 4 బైట్లలో డేటా పొడవు, చివర ఆ డేటా. వెర్షను సున్నా అయితే డేటాకి ముందు సరిగ్గా 32 బైట్లు ఉండాలి. వెర్షను 1 అయితే గుర్తుకీ డేటా పొడవుకీ మధ్య కీ ఐడీల సంఖ్య, ఆ ఐడీలూ కూడా వస్తాయి. చేత్తో ఈ పెట్టె తయారుచేసేవాళ్లు ఆ తేడా మరిచి సున్నా వెర్షన్‌లో కీ ఐడీలు దూర్చేస్తారు. అప్పుడు సీడీఎం చిన్న ఎర్రర్ ఒకటి పడేసి ఊరుకుంటుంది, కారణం చెప్పదు. పెట్టెలోని కీ ఐడీ, వీడియో ముక్కల జాబితా ఉండే మానిఫెస్టులోని డిఫాల్ట్ కీ ఐడీ, లైసెన్సు సర్వర్‌లో దాచిన కీ ఐడీ, మూడూ అక్షరం పొల్లు పోకుండా ఒకటే అయ్యుండాలి. ఎక్కడో ఒకచోట గీతలతో, మరోచోట గీతల్లేకుండా, ఇంకోచోట బేస్64లో రాసుకుని పోల్చుకోలేక రోజులు పోగొట్టుకునేవాళ్లే ఎక్కువ. అన్నిచోట్లా గీతల్లేని హెక్స్ అని ముందే నియమం పెట్టుకోండి.

ప్యాకేజింగ్‌కి షాకా ప్యాకేజర్ నమ్మదగ్గది, ఉచితం కూడా. దానికి కీలు మీరే ఇవ్వొచ్చు. ఆడియోకి ఒకటి, ఎస్‌డీకి ఒకటి, హెచ్‌డీకి ఒకటి, ఇలా మూడు కీలు తప్పకుండా విడివిడిగా పెట్టండి. ఒకే కీ పెడితే పని తేలికే కానీ తర్వాత చిక్కు వస్తుంది. హెచ్‌డీ కీకి గట్టి భద్రత కావాలని షరతు పెడితే అదే కీతో ఉన్న ఆడియోకీ ఆ షరతే పడుతుంది. చాలా ఫోన్లలో ఆడియో భద్రమైన దారిలో నడవదు, కాబట్టి మాట రాదు, పాఠమే మొదలవదు.

ఇక్కడే ఒక గుంట ఉంది. షాకా ప్యాకేజర్ ఏ వీడియో ఎస్‌డీనో ఏది హెచ్‌డీనో పిక్సెళ్ల లెక్కన తేలుస్తుంది. ఎస్‌డీకి హద్దు 768×576, అంటే 4,42,368 పిక్సెళ్లు. 854×480 వీడియోలో 4,09,920 పిక్సెళ్లే, కాబట్టి ఎస్‌డీ కీ పడుతుంది. 960×540 పెడితే 5,18,400 అవుతుంది, చెప్పకుండానే హెచ్‌డీ కీ కింద చేరిపోతుంది. “540 కూడా మామూలు క్వాలిటీయే కదా” అనుకుని చవక ఫోన్లకి అది ఇవ్వబోతే వాటి దగ్గర ఆ కీ ఉండదు, పాఠం మధ్యలో ఆగిపోతుంది. హద్దు మార్చే ఆప్షను ప్యాకేజర్‌లోనే ఉంది. లేదా 480కే కట్టుబడండి, బోర్డు మీద సుద్దముక్క రాత 480లో బాగానే చదవొచ్చు.

క్లియర్ లీడ్ అని ఇంకొకటి ఉంది. షాకా ప్యాకేజర్ మొదటి 5 సెకన్లు తాళం వేయకుండా వదులుతుంది, లైసెన్సు వచ్చేలోపు వీడియో మొదలవ్వాలని. సిగ్నల్ బలహీనంగా ఉన్న చోట ఇది మంచిదే. కానీ కొన్ని ఫోన్లలో తాళం లేని భాగం నుంచి తాళం ఉన్న భాగానికి మారేటప్పుడు డీకోడర్ మారాల్సి వస్తుంది, ఒక క్షణం తెర నల్లబడుతుంది. మీడియా3లో ఆడియో, వీడియో ట్రాకులకి మొదటినుంచీ డీఆర్ఎం సెషను పెట్టమనే అమరిక ఉంది, అది ఆన్ చేస్తే మొదటినుంచీ ఒకే భద్ర డీకోడరు వాడుతుంది. పక్కనే లైసెన్సు లేకుండా తాళం లేని భాగం ఆడించమనే అమరిక కూడా ఉంది, అది కూడా ఆన్ చేయాలి. మొదటిది మాత్రమే పెట్టి ఊరుకుంటే క్లియర్ లీడ్ ఉండీ ప్రయోజనం లేదు.

ఇక లైసెన్సు సర్వర్. అసలు వైడ్‌వైన్ సర్వర్‌కీ యాప్‌కీ మధ్య మీ సొంత ప్రాక్సీ ఒకటి ఉండాలి. ఈ పిల్ల ఫీజు కట్టిందా, ఎన్ని ఫోన్లలో లాగిన్ అయింది, ఈ పాఠం ఆమె కోర్సులోదేనా, ఇవన్నీ చూసి లోపలికి పంపేది అదే. దాన్ని రాసేటప్పుడు మూడు తప్పులు మళ్లీ మళ్లీ కనబడతాయి. మొదటిది, లైసెన్సు అభ్యర్థన బైనరీ, దాన్ని ఫ్రేమ్‌వర్కు పాఠ్యం అనుకుని చదివితే బైట్లు చెడిపోతాయి. పంపేటప్పుడూ తిరిగి ఇచ్చేటప్పుడూ ఆక్టెట్ స్ట్రీమ్‌గానే ఉంచాలి. రెండోది, బ్రౌజర్ నుంచి ఆథరైజేషన్ హెడర్ పెట్టి పంపితే ముందు ఆప్షన్స్ అనే పలకరింపు అభ్యర్థన వస్తుంది, దానికి జవాబివ్వని ప్రాక్సీ దగ్గర యాప్‌లో బాగా ఆడే పాఠం వెబ్‌లో ఆడదు.

మూడోది చాలామంది గమనించరు. క్రోమ్‌లో మొదట వచ్చే అభ్యర్థన ఒక్కోసారి కేవలం 2 బైట్లే ఉంటుంది: 8, 4. అది లైసెన్సు అడగడం కాదు, సర్వర్ సర్టిఫికెట్ అడగడం. “ఇంత చిన్న అభ్యర్థనా, ఏదో తేడా” అని తిప్పిపంపే కోడు రాసినవాళ్ల వెబ్ ప్లేయర్ అక్కడే చచ్చిపోతుంది. సర్టిఫికెట్‌ని ప్లేయర్‌కి ముందే ఇచ్చేస్తే ఈ రెండు బైట్ల ప్రయాణం ఉండదు. సర్వర్‌కి వెళ్లి రావడం ఒకసారి తగ్గుతుంది, ఒక గీత సిగ్నల్ మీద ఆ తేడా కంటికి కనబడుతుంది.

వెబ్‌లో ఈ వ్యవహారమంతా ఈఎంఈ అనే ప్రమాణం మీద నడుస్తుంది, వెబ్ పేజీ సీడీఎంతో మాట్లాడేది దాని ద్వారానే. వెబ్ ప్రమాణాలు తయారుచేసే డబ్ల్యూ3సీ సంస్థ దాన్ని 2017 సెప్టెంబరు 18న ఆమోదించింది. వాడుకరుల హక్కుల కోసం పనిచేసే ఈఎఫ్ఎఫ్ సంస్థ దానికి నిరసనగా అదే రోజు డబ్ల్యూ3సీ నుంచి తప్పుకుంది. పాఠాలు అమ్మేవాళ్లు ఆ వాదన ఒకసారి చదవడం మంచిది, కొనుక్కున్నవాళ్ల వైపు నుంచి ఆలోచించడం అలవాటవుతుంది. పనిలోకి వస్తే, ఈఎంఈ హెచ్‌టీటీపీఎస్ లేకుండా నడవదు. ఆఫీసు వైఫైలో 192.168తో మొదలయ్యే చిరునామా పెట్టి ఫోన్‌లో పరీక్షిస్తే బ్రౌజర్ ఆ ఫంక్షనే లేదంటుంది. లోకల్‌హోస్టులో ఆడింది కదా అని తల పట్టుకోవద్దు, లోకల్‌హోస్టుకి మినహాయింపు ఉంది, లాన్ చిరునామాకి లేదు. ప్లేయర్‌ని ఐఫ్రేమ్‌లో పెడితే ఎన్‌క్రిప్టెడ్ మీడియా అనుమతి రాయాలి. ఆండ్రాయిడ్ యాప్‌లో వెబ్‌వ్యూ వాడితే రక్షిత మీడియా ఐడీ అనుమతి అడిగినప్పుడు కోడులో ఒప్పుకోవాలి, లేకపోతే క్రోమ్‌లో ఆడేది యాప్‌లో ఆడదు. వైడ్‌వైన్ అడిగేటప్పుడు రోబస్ట్‌నెస్ స్థాయి, అంటే భద్రత ఎంత గట్టిగా ఉండాలో చెప్పే విలువ, ఖాళీగా వదలకండి. కంప్యూటర్ క్రోమ్‌కి సాఫ్ట్‌వేర్ స్థాయి చాలని స్పష్టంగా రాయండి.

పరీక్షకి క్లియర్ కీ అని ఒకటి ఉంది. అందులో కీ బాహాటంగా జేసన్‌లో పోతుంది, కాబట్టి అది రక్షణ కాదు, ప్యాకేజింగ్ సరిగా ఉందో లేదో చూసుకోవడానికి మాత్రమే. కీలని బేస్64 యూఆర్ఎల్ రూపంలో, చివర సమానం గుర్తులు తీసేసి రాయాలి. ఆ గుర్తులు ఉంచేసి గంటలు పోగొట్టుకోవద్దు.

ఆండ్రాయిడ్‌కి వద్దాం, మన దగ్గర పాఠాలు చూసేవాళ్లలో ఎక్కువమంది అక్కడే. వైడ్‌వైన్‌లో ఎల్1 అంటే తాళం తీయడం, డీకోడ్ చేయడం రెండూ ప్రాసెసర్‌లోని భద్రమైన గదిలో జరుగుతాయి. ఎల్3 అంటే అంతా సాఫ్ట్‌వేర్‌లోనే. చవక ఫోన్లు కొన్ని ఎల్3తోనే వస్తాయి. బూట్‌లోడర్ అన్‌లాక్ చేసిన కొన్ని ఫోన్లు ఎల్1 నుంచి ఎల్3కి దిగిపోతాయి. ఎమ్యులేటర్ ఎప్పుడూ ఎల్3యే, దాని మీద ఆడింది కదా అని విడుదల చేయకండి. ఫోన్ స్థాయిని మీడియా డీఆర్ఎం క్లాసుని అడిగితే చెబుతుంది. యాప్ తెరిచినప్పుడే ఆ విలువ చదివి, ఎల్3 అయితే గరిష్ఠ వీడియో పరిమాణం 854×480 అని ప్లేయర్‌కి చెప్పేయండి. షాకా ప్లేయర్ అయితే కీ స్థితి చూసి వాడలేని క్వాలిటీని తనే పక్కన పెడుతుంది, ఆండ్రాయిడ్ యాప్‌లో ఆ భారం మీ మీదే అనుకోవడం మేలు.

“సార్, బొమ్మ నల్లగా ఉందండి, మాట మాత్రం వినబడుతోంది.” సహాయం నంబరుకి తరచూ వచ్చే మాట ఇది. మాట వస్తోందంటే ఆడియో కీ అందింది, లైసెన్సు దారి బాగానే ఉంది. కాబట్టి నెట్టునీ లాగిన్‌నీ వదిలేసి వీడియో దారి చూడండి. ప్లేయర్ కింద టెక్స్చర్‌వ్యూ వాడారా? ఎల్1 భద్ర డీకోడర్‌కి సర్ఫేస్‌వ్యూ కావాలి. యానిమేషన్లు బాగుంటాయని టెక్స్చర్‌వ్యూ పెట్టడం ఈ నలుపుకి మొదటి అనుమానం. అది కాకపోతే ఫోన్ ఎల్1 అని చెప్పుకుంటూనే ఆ దారిలో తడబడుతోందేమో చూడాలి. అలాంటి మోడళ్లకి సెషను తెరవకముందే భద్రత స్థాయిని ఎల్3గా బలవంతం చేసి ఎస్‌డీ ఇవ్వొచ్చు. ఎస్‌డీ కీకి ఎల్3 చాలని లైసెన్సులో రాసి ఉంటేనే ఇది పనిచేస్తుంది. మూడు కీలు విడివిడిగా పెట్టమన్నది ఇందుకే. ఆ మోడళ్ల జాబితా యాప్‌లో కాకుండా సర్వర్‌లో పెట్టుకోండి, కొత్త మోడల్ చేర్చడానికి ప్రతిసారీ అప్‌డేట్ వేయక్కర్లేదు.

ఫోన్ కొత్తగా కొన్నాకో, ఫ్యాక్టరీ రీసెట్ చేశాకో మొదటి పాఠం తెరిచినప్పుడు ప్రొవిజనింగ్ జరుగుతుంది. ఫోన్ గూగుల్ సర్వర్ నుంచి తన సర్టిఫికెట్ తెచ్చుకుంటుంది. ఎక్సోప్లేయర్ ఇది తనే చూసుకుంటుంది, కానీ నెట్టు ఉండాలి. కాలేజీ వైఫైలో కొన్ని చిరునామాలు మూసేసి ఉంటే ఇక్కడే ఆగుతుంది. మొబైల్ డేటాకి మార్చి ఒకసారి తెరిస్తే సరిపోతుంది.

ఇప్పుడు ఆఫ్‌లైన్. డెల్టాలో అన్నిటికంటే ముఖ్యమైంది ఇదే, అన్నిటికంటే అశ్రద్ధగా చేసేదీ ఇదే. పిల్లలు ఊళ్లో వైఫై దొరికినప్పుడు పాఠాలు దించుకుని, ఇంటికెళ్లి చూస్తారు. 45 నిమిషాల పాఠం, వీడియో 600 కేబీపీఎస్, ఆడియో 64 కేబీపీఎస్ అయితే సుమారు 224 ఎంబీ. దించుకోవడం అంటే రెండు పనులు: వీడియో ముక్కలు దించడం, ఆఫ్‌లైన్ లైసెన్సు దించడం. మొదటిది మాత్రమే చేసి “డౌన్‌లోడ్ పూర్తయింది” అని పచ్చ గుర్తు పెట్టే యాప్‌లు చాలా ఉన్నాయి. పిల్ల పంటు ఎక్కి గోదావరి దాటి ఇంటికెళ్లి తెరిస్తే “ఇంటర్నెట్ అవసరం” అని వస్తుంది. లైసెన్సు చేతికి వచ్చాకే పచ్చ గుర్తు పెట్టండి.

మీడియా3లో దీనికి ఆఫ్‌లైన్ లైసెన్స్ హెల్పర్ ఉంది. పాఠం ఫార్మాటు ఇస్తే లైసెన్సు తెచ్చి కీ సెట్ ఐడీ అనే చిన్న బైట్ల వరస తిరిగి ఇస్తుంది. దాన్ని డౌన్‌లోడ్ రికార్డులోనే దాచి, ఆడించేటప్పుడు మీడియా ఐటంకి అందించాలి. కీలు విడివిడిగా పెట్టాం కాబట్టి పాఠానికి అవసరమైన ఆడియో కీ, వీడియో కీ రెండూ ఆ లైసెన్సులోనే వచ్చేలా సర్వర్‌లో చూడండి. ఒక కీయే వస్తే ఆఫ్‌లైన్‌లో బొమ్మ ఉండి మాట ఉండదు, లేదా అసలు మొదలవదు. కీ సెట్ ఐడీ ఆ ఫోన్‌కి మాత్రమే చెల్లుతుంది. యాప్ డేటాని ఆండ్రాయిడ్ ఆటో బ్యాకప్ కొత్త ఫోన్‌కి మోసుకెళితే పాత ఐడీలు అక్కడ పనికిరావు. ఆ ఐడీలు దాచిన పట్టికని బ్యాకప్ నుంచి మినహాయించండి.

గడువు విషయానికొస్తే వైడ్‌వైన్ లైసెన్సులో మూడు లెక్కలుంటాయి. మొత్తం లైసెన్సు ఎంతకాలం చెల్లుతుంది, ఆడించడం మొదలెట్టక ముందు ఎంతకాలం ఆగొచ్చు, మొదలెట్టాక ఎంతకాలం చూడొచ్చు. మూడూ సెకన్లలో రాయాలి, సున్నా అంటే హద్దు లేదని. నిల్వ ఉంచుకోవచ్చనే అనుమతి కూడా విడిగా ఇవ్వాలి, అది మరిచిపోతే ఆఫ్‌లైన్ లైసెన్సు నిలవదు. సినిమాలు అద్దెకిచ్చేవాళ్ల నమూనా చూసి మొదలెట్టాక 48 గంటలు అని పెట్టేస్తారు. పాఠానికి అది అస్సలు తగదు. పిల్ల ఒక పాఠాన్ని సోమవారం పది నిమిషాలు చూసి, గురువారం మిగతాది చూస్తుంది. గురువారానికి తాళం పడిపోయి ఉంటుంది. మొదలెట్టాక చూసే గడువుని సున్నా చేయండి, మొత్తం గడువు ఒక్కటే ఉంచండి.

ఆ మొత్తం గడువు ఎంత? వరదని లెక్కలో పెట్టుకోండి. ధవళేశ్వరం దగ్గర మూడో ప్రమాద హెచ్చరిక 17.75 అడుగులు. 2020 ఆగస్టులోనూ 2022 జూలైలోనూ గోదావరి అది దాటింది, లంకలు మునిగాయి. అలాంటప్పుడు కరెంటూ సిగ్నలూ రోజుల తరబడి ఉండవు. 7 రోజుల గడువు పెట్టిన యాప్‌లో దించుకున్న పాఠాలన్నీ సరిగ్గా అప్పుడే మూసుకుపోతాయి. 45 రోజులు పెట్టండి, అంటే 38,88,000 సెకన్లు. ఫోన్ నెట్టుకి తగిలిన ప్రతిసారీ మిగిలిన గడువు చూడండి, 30 రోజుల కంటే తక్కువ ఉంటే చప్పుడు కాకుండా కొత్త లైసెన్సు తెచ్చేయండి. మిగిలిన సమయం చెప్పే పిలుపు, గడువు పొడిగించే పిలుపు రెండూ ఆ హెల్పర్‌లోనే ఉన్నాయి. ఇలా చేస్తే వారానికోసారి సిగ్నల్ తగిలే పిల్ల దగ్గర ఎప్పుడూ మూడు వారాలకి తక్కువ కాకుండా ఉంటుంది. ఫీజు ఆపేసినవాళ్లు మహా అయితే 45 రోజులు ఎక్కువ చూస్తారు, దానికి భయపడి మిగతావాళ్లకి గడువు తగ్గించడం న్యాయం కాదు.

బ్యాటరీ పూర్తిగా అయిపోయి వెలిగిన పాత ఫోన్ తేదీ ఒక్కోసారి వెనక్కి పోతుంది. అప్పుడు సర్వర్ సర్టిఫికెట్ ఇంకా అమల్లోకి రాలేదని ఫోన్ అనుకుంటుంది, లైసెన్సు అభ్యర్థన బయటకే పోదు. లాగులో అది నెట్టు లోపంలా కనబడుతుంది. తేదీ ఆటోమేటిక్‌లో పెట్టమని చెప్పడమే మందు.

కోచింగ్ హాళ్లలో ఇంకో రకం గోల. లాప్‌టాప్ నుంచి హెచ్‌డీఎంఐ తీగ ప్రొజెక్టర్‌కి పెడితే బొమ్మ రాదు. లైసెన్సులో హెచ్‌డీసీపీ, అంటే తీగలో పోయే బొమ్మకి వేసే తాళం, అడిగితే తీగ పొడవునా ప్రతి పరికరమూ దాన్ని పాటించాలి. పాత ప్రొజెక్టర్లకి వీజీఏ మాత్రమే ఉంటుంది కాబట్టి మధ్యలో హెచ్‌డీఎంఐ నుంచి వీజీఏకి మార్చే చిన్న ముక్క పెడతారు. వీజీఏలో హెచ్‌డీసీపీ అనేదే లేదు, అక్కడితో సరి. బ్రౌజర్ అప్పుడు కీ స్థితిని ‘అవుట్‌పుట్ రెస్ట్రిక్టెడ్’ అని చెబుతుంది. పాఠాలకి హెచ్‌డీసీపీ అడగకండి. తెర మీద చూస్తూ ఇంకో ఫోన్‌తో రికార్డు చేసేవాడిని అది ఎలాగూ ఆపదు.

ఐఫోన్ సంగతి క్లుప్తంగా. ఫెయిర్‌ప్లేకి యాపిల్ డెవలపర్ ఖాతాతో అర్జీ పెట్టి అనుమతి తెచ్చుకోవాలి, దానికి సమయం పడుతుంది, కాబట్టి ఆ అర్జీ మొదటి రోజే పెట్టండి. ఫోన్ ఎస్పీసీ అనే అభ్యర్థన తయారుచేస్తుంది, సర్వర్ సీకేసీ అనే జవాబిస్తుంది. సిమ్యులేటర్‌లో ఇది నడవదు, నిజమైన ఫోన్ ఉండాల్సిందే.

డీఆర్ఎం ఎంతవరకు ఆపుతుందో పాఠాలు అమ్మే మాస్టారికి ముందే చెప్పాలి. వైడ్‌వైన్ ఎల్3ని ఛేదించామని 2019 జనవరిలోనే ఒక పరిశోధకుడు బయటపెట్టారు. కంప్యూటర్ క్రోమ్ సాధారణంగా సాఫ్ట్‌వేర్ స్థాయిదే, అక్కడ తెర రికార్డు చేయడం సాధ్యమే. అందుకే వెబ్‌కి ఎస్‌డీ మాత్రమే ఇచ్చి, వీడియో మీద విద్యార్థి ఫోన్ నంబరులో చివరి నాలుగంకెలు లేతగా కదిలేలా పెట్టండి. గ్రూపుల్లో తేలిన పాఠం ఎవరి ఖాతాదో అప్పుడు తెలుస్తుంది. అమలాపురంలో నలభైమంది పిల్లలకి సంగీతం చెప్పే మాస్టారికైతే ఇంత పెద్ద ఏర్పాటు అక్కర్లేదు. వీడియోని ముక్కలుగా పంపే హెచ్ఎల్ఎస్‌లోని మామూలు ఏఈఎస్-128, గడువున్న లింకులు, ఆ నంబరు గుర్తు, ఈ మూడూ సరిపోతాయి. పట్టుబట్టినవాడు దాన్ని దించేయగలడు, కానీ ఆయన పిల్లల్లో ఎవరికీ నల్ల తెర రాదు.

చివరగా ఎర్రర్ సందేశాలు. మీడియా3లో డీఆర్ఎం ఎర్రర్లకి 6000 వరస అంకెలున్నాయి, వాటిని తెలుగు మాటల్లోకి మార్చి చూపించండి. 6002 అంటే ప్రొవిజనింగ్ జరగలేదు: “మొబైల్ డేటా ఆన్ చేసి ఈ పాఠం మళ్లీ తెరవండి.” 6004 అంటే లైసెన్సు రాలేదు: “సిగ్నల్ ఉన్నచోట మళ్లీ ప్రయత్నించండి, ఫోన్ తేదీ సరిగా ఉందో చూడండి.” 6008 అంటే గడువు అయిపోయింది: “ఒకసారి నెట్టుకి కలిపితే ఈ పాఠం తిరిగి తెరుచుకుంటుంది, మళ్లీ దించుకోనక్కర్లేదు.” షాకా ప్లేయర్‌లో కూడా డీఆర్ఎం ఎర్రర్లు 6000 వరసలోనే ఉంటాయి, అర్థాలు మాత్రం వేరు. మీడియా3లో 6007 అంటే ఆ పరికరాన్ని రద్దు చేశారని, షాకాలో 6007 అంటే లైసెన్సు అభ్యర్థన విఫలమైందని మాత్రమే. ఫోన్ ఎత్తే అమ్మాయి దగ్గర ఒకే పట్టిక ఉంటే, వెబ్‌లో సిగ్నల్ పోయిన కుర్రాడికి “మీ పరికరం పనికిరాదు” అని చెప్పేస్తుంది. సందేశం కింద చిన్న అక్షరాల్లో యాప్ లేదా వెబ్ అనే మాట, ఎర్రర్ అంకె, భద్రత స్థాయి, కీ ఐడీ చివరి నాలుగు అక్షరాలు ఉంచండి. స్క్రీన్‌షాట్‌కి అడ్డుపడే ఫ్లాగుని వీడియో తెరకే పరిమితం చేయండి, ఎర్రర్ పేజీకి పెట్టకండి. ఆ పేజీ ఫొటోనే కదా పిల్ల మీకు వాట్సాప్‌లో పంపాల్సింది.